పొయ్యిరాయి పేరు

నాకు కుళ్ళు ఎక్కువ. ఊళ్ళోవాళ్ళు నా వెనక అనుకునే మాటే ఇది. అదేదో నేనే ముందు చెప్పేస్తే వాళ్ళ నోటికి శ్రమ తగ్గుతుంది. పక్కింటి కోడి రెండు గుడ్లు ఎక్కువ పెట్టినా నాకు మనసు మనసులో ఉండదు. కానీ మా తోటికోడలు ఎర్మీనియాని చూసి నేను పడ్డ కుళ్ళు ముందు అవన్నీ లెక్కలోకి రావు. ఆ కుళ్ళుతోనే నా కొడుక్కి ఒక పేరు సంపాదించాను. ఆ సంగతే చెబుతున్నాను.

నా పేరు క్రిస్పీనా. పదహారేళ్ళకి తిబూర్సియోని చేసుకుని ఆ ఇంట్లో అడుగుపెట్టాను. ఎనిమిదేళ్ళు ఆ ఇంటి పొయ్యి దగ్గరే నా బతుకంతా. కోడి కూయకముందే లేచి, సున్నపు నీళ్ళలో నానిన మొక్కజొన్న కడిగి, రాతి మీద నూరి, రొట్టెలు తట్టి, మామగారికీ మొగుడికీ మరిదికీ పెట్టేదాన్ని. బెల్లం వండే రోజుల్లో గానుగ దగ్గరికి కూడా బుట్ట నెత్తిన పెట్టుకుని మోసేదాన్ని. మా అత్త పొయ్యి పక్కన చిన్నపీట మీద కూర్చుని రొట్టె అంచు మందమైందని వంక పెట్టేది. పెట్టనీ, ఎప్పటికైనా ఈ పొయ్యి నాది కాకపోతుందా అనుకునేదాన్ని.

అలా అనుకోవడం నా బుద్ధితక్కువ. మాలో తల్లిదండ్రుల ఇల్లు ఆఖరి కొడుక్కే చెందుతుంది. పెద్దవాళ్ళు పెళ్ళయ్యాక కొన్నేళ్ళు ఉండి, పక్కకి జరిగి, సొంత పొయ్యి పెట్టుకుంటారు. చిన్నవాడు ఉండిపోయి ముసలివాళ్ళని చూసుకుంటాడు. ఇది నాకు తెలియనిది కాదు, కానీ తెలిసినంత మాత్రాన కడుపు మండకుండా ఉంటుందా? మా మరిది సెలెస్తీనో ఎర్మీనియాని తీసుకొచ్చిన నెలకే మమ్మల్ని వాగు అవతలికి సాగనంపారు. నేను ఎనిమిదేళ్ళు చేతులు కాల్చుకున్న పొయ్యి ముందు, రొట్టె గుండ్రంగా తట్టడం కూడా రాని పిల్ల వచ్చి కూర్చుంది.

కొత్త ఇంటికి మా ఆయన వాగులోంచి మూడు రాళ్ళు ఎత్తుకొచ్చాడు. వాగు రాళ్ళు తడి పీల్చుకుని ఉంటాయి, పొయ్యికి పనికిరావని ఊళ్ళో చంటిపిల్లలకి కూడా తెలుసు. ఆయనకి తెలియదు. మొదటి మంటకే ఒకటి టప్పున పేలి, కాలిన పెనం నా ఒళ్ళోకి జారింది. ఆ మంటలో కూడా నేను మా ఆయన్ని తిట్టలేదు, ఎర్మీనియాని తిట్టాను.

ఇక పేరు సంగతి. మా మామగారి పేరు తెనామాస్త్లి. చర్చి పుస్తకంలో ఆయనకి ఇంకేదో పేరు ఉంది గానీ దాన్ని ఎవరూ పలకరు. తెనామాస్త్లి అంటే మా నావాత్ మాటలో పొయ్యిరాయి. పెనాన్ని మోసే మూడు రాళ్ళలో ఒకటి. గద్ద అనీ, సూర్యుడు అనీ పేరున్నవాడు వీధిలో ఛాతీ విరుచుకుని నడుస్తాడు. పొయ్యిరాయి అని పేరు పెట్టుకుని ఎవడైనా ఏం విరుచుకుంటాడు? కొత్తగా కాపరానికి వచ్చినప్పుడు నేను పైటచాటున నవ్వుకున్నాను కూడా.

తర్వాత తెలిసింది. ఫాదర్లు ఈ కొండల్లోకి రాకముందు నుంచీ ఆ పేరు వాళ్ళ ఇంట్లో ఉందట. తాత పేరు మనవడికి, ఆ మనవడి పేరు వాడి మనవడికి. మా మామగారి తాత రోజుల్లో తిరుగుబాటు వచ్చింది. సైనికులు ఊరంతా తగలబెట్టారు. జనం తొమ్మిది రోజులు కొండ మీద దాక్కుని దిగొచ్చేసరికి గోడ లేదు, కంచె లేదు, ఎవరి వాకిలి ఎక్కడో తెలియదు. బూడిదలో మిగిలినవి పొయ్యిరాళ్ళే. ఆ తాత తెనామాస్త్లి తన మూడు రాళ్ళు వెతికి పట్టుకుని, అక్కడే మంట పెట్టి కూర్చున్నాడు. పొగ చూసి ఒక్కొక్కరే దిగొచ్చి, ఆ పొయ్యి నుంచి అడుగులు కొలుచుకుని తమ తమ జాగాలు గుర్తుపట్టారు. ఊరు మళ్ళీ లేచింది అలాగే. ఇప్పటికీ ఎవరి హద్దు మీద తగాదా వచ్చినా ఆ పేరున్నవాడినే పిలుస్తారు. కొత్త మొక్కజొన్న వచ్చినప్పుడు మొదటి రొట్టె ముక్క ఊరి తరఫున మంటకి వేసేది వాడే. వాడు చెయ్యి చాపేదాకా ఎవరూ తినరు.

అది విన్నాక ఆ పేరు నాకు పైటచాటు నవ్వుగా మిగల్లేదు. ఇల్లు పోతే పోయింది, పొయ్యి పోతే పోయింది, పేరు నా కడుపున పుట్టినవాడికి రావాలి అనుకున్నాను. పెద్ద కొడుకు పెళ్ళాన్ని నేను. మనవడు ముందు నా దగ్గర పుడితే న్యాయంగా పేరు వాడిదే కదా. కానీ నాకు వరసగా ముగ్గురు ఆడపిల్లలు. నాలుగోసారి నేను కడుపుతో ఉన్న ఏడే ఎర్మీనియాకి మొదటి కడుపు వచ్చింది. మామగారు గానుగ దగ్గర నలుగురిలో అనేశాడు, ఈ రాళ్ళ దగ్గర పెరిగేవాడికే ఈ పేరు అని. అంటే ఎర్మీనియా కొడుక్కి. మా ఆయన ఆ మాట ఇంటికొచ్చి చెప్పి, చెప్పిన నోటితోనే హాయిగా భోజనం చేశాడు. నాకు మూడు రోజులు ముద్ద దిగలేదు.

ఎర్మీనియా ఏమైనా గయ్యాళిదైతే నాకు కొంత సుఖంగా ఉండేది. అదీ లేదు. నా నెలలు నిండుతుంటే తన పొట్ట మోసుకుంటూ వాగు దాటి వచ్చి, నాకు మొక్కజొన్న జావ పెట్టి, నా గిన్నెలు తోమి వెళ్ళేది. అక్కా, అక్కా అంటూ వెనకే తిరిగేది. ఆ మంచితనం చూస్తే నాకు ఇంకా కళ్ళల్లో కారం కొట్టినట్టుండేది. అన్నీ దొరికినవాళ్ళు మంచిగా ఉండటం ఎంతసేపు?

నాకు మే నెల ఎండల్లో మగపిల్లాడు పుట్టాడు. ఎర్మీనియాకి ఇంకా రెండు వారాలు ఉంది. నాకు పురుడు పోసింది బాసిలియా పిన్ని, మా అమ్మ చెల్లెలు. ఊళ్ళో అందరికీ మంత్రసాని ఆమే, ఎర్మీనియాకి కూడా. ఆరో రోజు పిల్లాడి బొడ్డు ఎండి ఊడింది. మాలో ఆడపిల్ల బొడ్డు పొయ్యి దగ్గర పాతుతారు, మగపిల్లాడిది చేలో పాతుతారు. ఆడది ఇల్లు పట్టుకుని ఉండాలని, మగవాడు బయట తిరిగి సంపాదించాలని. పిన్ని ఆ బొడ్డుని గుడ్డలో చుట్టి చేనికి బయల్దేరుతుంటే నేను ఆమె చెయ్యి పట్టుకున్నాను.

"చేలో వద్దు పిన్నీ. మా అత్త వాళ్ళ పొయ్యి కింద పాతెయ్యి."

"మగపిల్లాడిదే ఇది. మతి ఉండే మాట్లాడుతున్నావా?"

"అక్కడ పాతితే వాడు ఆ రాళ్ళ మనిషే కదా. అప్పుడు మావయ్య పేరు ఇవ్వనని ఎలా అంటాడు?"

పిన్ని చాలాసేపు నన్ను తిట్టింది. మగపిల్లాడి బొడ్డు పొయ్యి కింద పెడితే వాడు ఆడపిల్లలా ఆ పొయ్యి వదలడని చెప్పింది. వదలకపోతేనే మంచిదన్నాను నేను. పొయ్యి వాడిదవుద్ది, దాంతో ఇల్లూ వాడిదవుద్ది, వాళ్ళకి అప్పుడు తెలుస్తుంది అన్నాను. పిన్నికి నేను కూతురితో సమానం. నేను ఏడ్చేసరికి ఆమె కరిగిపోయింది.

"సరే, పెడతా. కానీ ఏ పొయ్యి వదలడో అది కూడా ఆలోచించుకోవే," అంది వెళ్తూ.

నేను ఆలోచించుకోలేదు. పిన్ని ఎర్మీనియాకి పొట్ట నిమరాలన్న వంకతో వెళ్ళింది. అత్త వాగు దగ్గర బట్టలు ఉతుకుతోంది. ఎర్మీనియాని లోపల గదిలో పడుకోబెట్టి, నూనె కాచుకొస్తానని చెప్పి వంటింట్లోకి వచ్చి, బూడిద పక్కకి నెట్టి, కత్తితో మట్టి తవ్వి, రాళ్ళ మధ్య పాతేసింది.

మర్నాడు పిల్లాడికి స్నానం చేయించి, పేరు పెట్టే వేళకి నేను వాడిని దుప్పట్లో కట్టుకుని అత్తగారింటికి వెళ్ళాను. అందరూ మంట చుట్టూ చేరారు. పిన్ని మామగారికి జరిగింది జరిగినట్టు చెప్పేసింది. అత్త నోటికొచ్చినట్టు తిట్టడం మొదలుపెట్టింది. మామగారు మాత్రం పుల్లతో బూడిద కదిపి, కొత్తగా తవ్విన మట్టిని చూసి, పుల్ల కింద పెట్టాడు. పాతిన బొడ్డుని మళ్ళీ తవ్వకూడదు. తవ్వితే పిల్ల బతకదంటారు. ఆయనకి ఇక దారి లేదని నాకు తెలుసు.

"కోడలా, ఈ పేరు ఏంటో తెలిసే అడిగావా?" అన్నాడు చివరికి.

"తెలుసు మావయ్యా. పొయ్యిరాయి."

"నలుగురు తినడానికి తను కాలుద్ది. అది ఎవరింటికీ పోదు, దాని దగ్గరికే అందరూ రావాల. పోయి పోయి పిల్లాడికి ఇదే కావాలా నీకు?"

"ఇదే కావాలి."

ఆయన పిల్లాడిని తీసుకుని పొగ మీద నాలుగు వైపులా తిప్పి, ఆ పేరు పెట్టి పిలిచాడు. వాడు నెలల పిల్లాడిలా గట్టిగా ఏడ్చాడు. నేను వాడిని చూడలేదు. గోడకి ఆనుకుని నిండు పొట్టతో నిలబడ్డ ఎర్మీనియా ముఖం చూశాను, కన్నీళ్ళ కోసం. ఒక్క చుక్క లేదు. నవ్వుతూ వచ్చి వాడి పాదం ముట్టుకుని, చల్లగా ఉండు నాయనా అంది. గెలిచిన రోజు కూడా నన్ను సంతోషంగా ఉండనివ్వలేదు ఆ మనిషి.

రెండు వారాలకి ఆమెకి కొడుకు పుట్టాడు. చర్చి క్యాలెండర్ చూసి బోనిఫాసియో అని పెట్టారు. వాడి బొడ్డు చేలోకే వెళ్ళింది. క్యాలెండర్ పేరు, క్యాలెండర్ పేరు అని నేను వాగు దగ్గర బట్టలు ఉతికే ఆడవాళ్ళందరికీ చెప్పి నవ్వాను. వాళ్ళు కూడా నవ్వారు. నన్ను చూసి నవ్వారని ఇప్పుడు అనుకుంటాను.

నా కొడుకు నడక నేర్చిన దగ్గర్నుంచీ వాగు వైపే నడిచేవాడు. మొదట్లో నేనే పంపేదాన్ని. వెళ్ళు, మీ తాత పక్కన కూర్చో, అది నీ చోటు, అక్కడే తిను అని. వాళ్ళు మర్చిపోకూడదని నా ఆరాటం. పొద్దున్నే ముఖం కడిగి, జుట్టు దువ్వి, తాత ఇంటికి కాదు, పట్టాభిషేకానికి పంపినట్టు పంపేదాన్ని. వాడు సాయంత్రానికి మసి పూసుకుని తిరిగొచ్చేవాడు. బళ్ళో పిల్లలు మసిరాయి, మసిరాయి అని ఏడిపించినా వాడికి చీమ కుట్టినట్టు కూడా ఉండేది కాదు. అచ్చం తాత లాగే నిమ్మళం.

ఐదేళ్ళప్పుడు ఒకరోజు నేను పెట్టిన రొట్టె సగం తిని పక్కన పెట్టాడు. ఎందుకురా అంటే, ఎర్మీనియా పిన్ని రొట్టె మెత్తగా ఉంటుందమ్మా అన్నాడు. గుండ్రంగా తట్టడం రాని మనిషి రొట్టె! ఆ వారమంతా నేను పిండి మూడుసార్లు నూరాను. వేళ్ళు బొబ్బలెక్కాయి. రొట్టె పల్చనై పల్చనై పెనానికి అంటుకుని మాడింది. నా ఆడపిల్లలు మాడిన రొట్టెలు తినలేక తిన్నారు. వాడు మాత్రం పొద్దున్నే లేచి వాగు దాటి వెళ్ళిపోయాడు.

ఏడో ఏట వానలు ముంచెత్తి వాగు పొంగింది. వాడు అవతలే చిక్కుకుపోయి పది రోజులు అక్కడే పడుకున్నాడు. నీళ్ళు తగ్గాక కూడా రాలేదు. వెళ్ళి చెయ్యి పట్టి లాక్కొచ్చాను. వచ్చాడు. ఏడవలేదు, ఎదురు చెప్పలేదు. రెండు రోజులు మా ఇంట్లో చెప్పిన పనల్లా చేశాడు. మూడో రోజు పొద్దున్నే లేడు. అలా ఎన్నిసార్లు లాక్కొచ్చానో నాకే గుర్తులేదు. మా ఆయన్ని వెళ్ళి తీసుకురమ్మంటే, పంపింది నువ్వే కదే, ఇప్పుడు నన్నంటావేంటి అని బెల్లం అచ్చులు కడుక్కుంటూ కూర్చునేవాడు.

అటు బోనిఫాసియో చూస్తే కాలు ఒకచోట నిలవదు. పదిహేనేళ్ళకే ఫిడేలు చంకన పెట్టుకుని పెళ్ళిళ్ళకీ జాతరలకీ ఊళ్ళు పట్టుకు తిరగడం మొదలుపెట్టాడు. వచ్చినప్పుడు బోలెడు కబుర్లు మోసుకొచ్చేవాడు. వాడి తల్లి ఆ కబుర్లు వింటూ మురిసిపోయేది. పక్కనే నా కొడుకు మంటలో కట్టెలు సర్దుతూ ఉండేవాడు. అది చూసి ఒకరోజు నాకు ఒళ్ళు మండి, ఇల్లంతా వినేలా అడిగేశాను.

"నీ కొడుకు ఊళ్ళు పట్టుకు తిరుగుతున్నాడని నా కొడుకుని ఉంచేసుకున్నావా?"

ఎర్మీనియా నూరుతున్న చెయ్యి ఆపింది. నన్ను బయటికి తీసుకెళ్ళి, చెరకు పిప్పి ఎండబోసిన చోట నిలబెట్టింది. ఆమె గొంతు ఎప్పటిలా మెత్తగానే ఉంది.

"నేను ఉంచుకోలేదక్కా. వాడే ఉన్నాడు. నీకొకటి చెప్పనా? ఆ రోజు బాసిలియా పిన్ని మట్టి తవ్వుతుంటే నాకు వినపడింది. కత్తి రాయికి తగిలిన చప్పుడు కూడా విన్నా. నేను లేచి అరిచి ఉంటే ఆమె ఆపేసేది."

"మరి అరవలేదేం?"

"నా కొడుకు జన్మంతా ఈ పొయ్యి కాడ కూర్చోవడం నాకిష్టం లేదు. మావయ్య ఎప్పుడన్నా కొండ దిగి సంతకి పోవడం చూశావా నువ్వు? నేను దేవుడికి మొక్కుకున్నా, ఈ పేరు తప్పించు తండ్రీ అని. నువ్వొచ్చి తీసుకుపోయావు."

నేను అక్కడ నిలబడలేకపోయాను. కోపం వచ్చిందని చెబితే అబద్ధం. ఆ క్షణంలో కూడా నాకు వచ్చింది కుళ్ళే. ఆమెకి నాకంటే ముందే తెలుసు. ఆమె కొడుకు ఆకాశం కింద తిరుగుతున్నాడు, నా కొడుకు ఆమె మంట ముందు ఉన్నాడు. ఇద్దరూ ఆమెకే మిగిలారు. అంత తెలివి నాకు ఎందుకు లేకపోయిందని వాగు దాటుతూ ఏడ్చాను.

నా కొడుకు పదహారో ఏట మామగారు పోయాడు. ఆ ఏడు కొత్త మొక్కజొన్న వచ్చినప్పుడు మొదటి రొట్టె ముక్క నా కొడుకే మంటకి వేశాడు. ఊరు ఊరంతా నోరు మెదపకుండా నిలబడింది, వాడు చెయ్యి చాపేదాకా. అంత గౌరవం నేను కోరుకున్నదే. పొయ్యికి అటూ ఇటూ నిలబడింది అత్తా, ఎర్మీనియా. నేను వెనక వరసలో, పక్కూరి నుంచి వచ్చిన చుట్టాల మధ్య నిలబడి చూశాను. నీ కొడుకేగా అని ఎవరో అడిగితే అవునన్నాను.

ఆ తర్వాత వారానికి, పొద్దున పూట, నేను రొట్టెలు కాలుస్తున్నాను. ఆడపిల్లలు పెళ్ళిళ్ళయి వెళ్ళారు, మా ఆయన చెరకు తోటలో ఉన్నాడు. ఇంట్లో నేనొక్కదాన్నే. వాకిట్లో అడుగుల చప్పుడైంది. ఆ నిదానమైన నడక ఎవరిదో నాకు చూడకుండానే తెలుసు. చేతిలో రొట్టె పెనం మీద వేసి, వస్తాడని ఎదురుచూశాను.

మాలో ఇంటివాళ్ళు సరాసరి పొయ్యి దగ్గరికి వచ్చి, పెనం మీది రొట్టె తామే తీసుకుని తింటారు. పైవాళ్ళు బయటే ఆగి కేకేస్తారు, రమ్మనేదాకా లోపలికి రారు.

"ఇంట్లో ఉన్నారా?" అని బయట్నుంచి వినపడింది.

నేను పలకలేదు. పలకకపోతే లోపలికి వస్తాడేమో చూద్దామని పలకలేదు. రొట్టె పొంగింది. తిప్పాను. మళ్ళీ పొంగింది. వాడు కదల్లేదు. మళ్ళీ అదే మాట, అదే గొంతుతో, మర్యాదగా అడిగాడు. రొట్టె మాడిన వాసన వచ్చేసరికి ఇక నా వల్ల కాలేదు.

"రా నాయనా," అన్నాను.

తల వంచి లోపలికి వచ్చాడు. నా కంటే జానెడు ఎత్తు ఎదిగాడు. ఎర్మీనియా పంపిందని కొత్త మొక్కజొన్న కుడుముల బుట్ట నాకు ఇచ్చి, గుమ్మం పక్కన చుట్టాలకి వేసే పీట మీద కూర్చున్నాడు. పొయ్యి వాడికి నాలుగడుగుల దూరంలో ఉంది. దగ్గరికి రమ్మని పిలవాలని నోటిదాకా వచ్చింది. కన్నకొడుకుని పొయ్యి దగ్గరికి రమ్మని ఏ తల్లి పిలుస్తుంది? పళ్ళెంలో రొట్టెలూ చిక్కుళ్ళూ పెట్టి, తీసుకెళ్ళి వాడి చేతికి అందించాను. వాడు కింద ఒక్క గింజ పడకుండా తిన్నాడు. మా ఆయన గురించి అడిగాడు, చెరకు గురించి అడిగాడు, నా మోకాళ్ళ నొప్పి గురించి కూడా అడిగాడు. అన్నీ మనసుపెట్టే అడిగాడు, అందులో లోపం లేదు.

తిన్నాక లేచి, పళ్ళెం రెండు చేతులతో నాకిచ్చి, తల వంచాడు.

"మంచి భోజనం పెట్టావమ్మా. నీ ఇల్లు చల్లగా ఉండాలి," అన్నాడు.

నా ఇల్లు అట. వాడికి ఆ పేరు పెట్టించుకుంది నేనే కాబట్టి, అలాగే నాయనా, వెళ్ళిరా అన్నాను.